పాత్రగా దర్శకురాలు: మాయా డెరెన్ చిత్రాలలో 'నేను'

వ్యాససంగ్రహం:

దర్శకులు తమ చిత్రాలలో తామే కనిపించినప్పుడు ఆ చిత్రాలను ఆత్మకథలుగా చదవడం విమర్శలో స్థిరపడిన అలవాటు. అమెరికన్ ప్రయోగాత్మక చలనచిత్రానికి పునాది వేసినవారిలో ఒకరైన మాయా డెరెన్ (1917–1961) విషయంలో ఈ అలవాటు మరింత బలంగా కనిపిస్తుంది. 1943–1946 మధ్య ఆమె నిర్మించి, స్వయంగా తెరపై కనిపించిన మూడు లఘుచిత్రాలను ప్రస్తుత వ్యాసం పరిశీలిస్తుంది. ఈ చిత్రాలలో దర్శకురాలి తెరరూపం స్వీయజీవిత ప్రకటనకు సాధనం కాదనీ, వైయక్తికమైన 'నేను'ను దశలవారీగా విడిచిపెట్టే క్రమానికి ఆధారమనీ నిరూపించడం ఈ వ్యాసం ఉద్దేశం. ఇందుకు డెరెన్ సిద్ధాంత రచనలతోపాటు భారతీయ అలంకారశాస్త్రంలోని సాధారణీకరణ భావన, నటుణ్ణి 'పాత్ర'గా భావించిన అభినవగుప్తుని వివరణ ఉపకరణాలుగా స్వీకరించబడ్డాయి.

కీలక పదాలు: ప్రయోగాత్మక చలనచిత్రం, మాయా డెరెన్, నిర్వైయక్తికత, సాధారణీకరణం, పాత్ర, స్త్రీ దృష్టి, కర్తృత్వం.

1. ప్రవేశిక:

ఒక కవితలో 'నేను' అన్న మాట కనిపించగానే ఆ నేను కవేనా అన్న ప్రశ్న పుడుతుంది. చలనచిత్రంలో ఈ ప్రశ్న మరింత చిక్కుపడుతుంది. కవితలోని 'నేను' ఒక సర్వనామం మాత్రమే. దానికి ముఖం లేదు. తెరపై కనిపించే దర్శకురాలికి ముఖముంది, నడక ఉంది, ఫలానా వ్యక్తి అని గుర్తుపట్టగల దేహముంది. అందువల్ల చిత్రంలో ఆమె చేసే ప్రతి చర్యనూ ఆమె జీవితానికి అన్వయించాలన్న ప్రలోభం సహజంగా కలుగుతుంది.

మాయా డెరెన్ తొలి చిత్రం 'మెషెస్ ఆఫ్ ది ఆఫ్టర్‌నూన్' ఈ ప్రలోభానికి ఎక్కువగా గురైంది. అందులోని తాళంచెవి, కత్తి, అద్దం వంటి వస్తువులకు మనోవిశ్లేషణ పరంగా అర్థాలు చెప్పినవారున్నారు. చిత్రంలో కనిపించే పురుషుడు అప్పటి ఆమె భర్త కావడంతో దాన్ని ఒక దాంపత్య గాథగా చదివినవారూ ఉన్నారు. డెరెన్ మాత్రం తన చిత్రాలకు ఫ్రాయిడ్ పరమైన వ్యాఖ్యానాన్ని గాని, అధివాస్తవికతావాద ముద్రను గాని అంగీకరించలేదు. కళాకారుల అభిప్రాయమే తుది తీర్పు కానవసరం లేదు. అయితే ఆమె అభ్యంతరానికి చిత్రాల నిర్మాణంలోనే ఆధారం ఉందా అన్నది పరిశీలించదగిన ప్రశ్న.

2. జీవితరేఖలు – సాహిత్య నేపథ్యం:

డెరెన్ 1917లో కీవ్ నగరంలో జన్మించింది. అసలు పేరు ఎలియనోరా డెరెన్‌కోవ్‌స్కీ. 1922లో కుటుంబం అమెరికాకు వలస వెళ్ళి న్యూయార్క్ రాష్ట్రంలోని సిరక్యూస్‌లో స్థిరపడింది. తండ్రి మానసిక వైద్యుడు. ఆమె 1939లో స్మిత్ కళాశాల నుండి ఆంగ్లసాహిత్యంలో ఎం.ఏ. పట్టా పొందింది. ఆంగ్లో-అమెరికన్ కవిత్వంపై ఫ్రెంచి ప్రతీకవాదుల ప్రభావం ఆమె సిద్ధాంతగ్రంథానికి విషయం. సినిమాకు రాకముందే ఆమె కవిత్వ విద్యార్థిని అన్న సంగతి ఇక్కడ ముఖ్యం. కవి వ్యక్తిత్వాన్ని కవితనుండి వేరుచేసి చూడాలన్న టి.ఎస్. ఎలియట్ నిర్వైయక్తిక సిద్ధాంతం అప్పటి ఆంగ్లసాహిత్య విద్యకు పరిచితమైన వాతావరణం. డెరెన్ చిత్రభాషను మనోవైద్యుడి కుమార్తె భాషగా చదివిన విమర్శ, ప్రతీకవాద కవిత్వంలో శిక్షణ పొందిన పాఠకురాలి భాషగా దాన్ని చదవడానికి అంత శ్రద్ధ చూపలేదు.

అనంతరం ఆమె నర్తకి, నృత్యరూపకర్త, మానవశాస్త్రజ్ఞురాలు అయిన కాథరిన్ డన్‌హమ్ వద్ద కార్యదర్శిగా పనిచేసింది. ఆ బృందంతో లాస్ ఏంజలిస్ చేరినప్పుడు చెక్ చలనచిత్రకారుడు అలెగ్జాండర్ హామిడ్‌తో పరిచయమై 1942లో వివాహం జరిగింది. తండ్రి మరణానంతరం వచ్చిన సొమ్ముతో కొన్న 16 మి.మీ. బోలెక్స్ కెమెరాతో వారి ఇంట్లోనే తొలి చిత్రం రూపొందింది. హాలీవుడ్ పెదవిరంగుకు ఖర్చుచేసే సొమ్ముతో తాను చిత్రాలు తీస్తానని ఆమె చెప్పుకొనేది.

1943లోనే ఆమె 'మాయ' అన్న పేరు స్వీకరించింది. ఈ పేరు తెలుగు పాఠకునికి రెండు అర్థాలనైనా స్ఫురింపజేస్తుంది. ఒకటి బుద్ధుని తల్లి మాయాదేవి. రెండవది, వేదాంతంలో ఏకమైనదాన్ని అనేకంగా భాసింపజేసే శక్తి. పేరును బట్టి చిత్రాలకు అర్థం చెప్పడం యుక్తం కాదు. అయినా ఆమె తొలి చిత్రంలో జరిగేది ఒకే స్త్రీ అనేకంగా భాసించడమే.

3. 'మెషెస్ ఆఫ్ ది ఆఫ్టర్‌నూన్': ఒకరు అనేకం కావడం

సుమారు 14 నిమిషాల ఈ చిత్రంలో పాత్రలకు పేర్లు లేవు, మాటలు లేవు. మొదట నిశ్శబ్దంగానే ప్రదర్శితమైంది; తెయిజీ ఇతో సంగీతం 1959లో చేరింది. ఒక స్త్రీ దారిలో పువ్వు తీసుకొని ఇంటికి వస్తుంది. తాళంచెవి చేజారి మెట్లమీదుగా దొర్లుతుంది. లోపల రొట్టెలో గుచ్చిన కత్తి, తీసి ఉంచిన టెలిఫోన్, ఎవరూ లేకపోయినా తిరుగుతున్న గ్రామఫోను కనిపిస్తాయి. ఆమె కుర్చీలో నిద్రపోతుంది. ఆ తర్వాత ఇదే రాక చిన్నచిన్న మార్పులతో మళ్ళీ మళ్ళీ జరుగుతుంది. ప్రతి ఆవృత్తిలోనూ మరొక 'ఆమె' ఇంట్లోకి వచ్చి చేరుతుంది.

ఈ చిత్రంలో గమనించవలసిన మొదటి అంశం ముఖాన్ని వాయిదా వేయడం. తొలి ఆవృత్తిలో ప్రేక్షకునికి ఆమె నీడ, పాదాలు, చేయి కనిపిస్తాయి. నిద్రలోకి జారే వేళ కన్ను మాత్రం సమీపదృశ్యంలో కనిపిస్తుంది. పూర్తిముఖం కనిపించేది కల మొదలైన తర్వాతనే. తనను చూపుకోవడమే లక్ష్యమైన దర్శకురాలు ముఖాన్ని ఇంతసేపు దాచవలసిన అవసరం లేదు. ముఖం కనిపించేటప్పటికే ఆ దేహం ఎవరిదైనా కాగల దేహంగా ప్రేక్షకుని మనసులో నిలిచిపోతుంది.

రెండవ అంశం బల్ల చుట్టూ కూర్చున్న ముగ్గురు 'ఆమె'లు. ఒక్కొక్కరే తాళంచెవిని చేతిలోకి తీసుకుంటారు. మూడవ ఆమె అరచేయి నల్లగా కనిపిస్తుంది. తాళంచెవి కత్తిగా మారుతుంది. ఆమె లేచి, నిద్రిస్తున్న ఆమెవైపు నడుస్తుంది. ఆ నడకలో ఒక్కొక్క అడుగు ఒక్కొక్క చోట పడుతుంది: ఇసుకమీద, గడ్డిమీద, కాలిబాటమీద, చివరికి గదిలోని తివాచీమీద. కుర్చీకీ బల్లకీ మధ్య ఉన్న నాలుగడుగుల దూరం ఒక ప్రపంచమంత విస్తరిస్తుంది. ఈ విస్తరణను కూర్పు సాధిస్తుంది. నటి ముఖంలోని భావప్రకటనకు ఇందులో పాత్ర స్వల్పం.

మూడవ అంశం అద్దం. ఆమె వెంబడించే నల్లని ముసుగు ఆకారానికి ముఖం ఉండవలసిన చోట అద్దముంది. చిత్రాంతంలో ఆమె పురుషుని ముఖంపైకి కత్తి విసిరితే ఆ ముఖం అద్దమై పగులుతుంది. పగిలిన చోట సముద్రం కనిపిస్తుంది. ఇతరులలో తన ముఖాన్ని వెతికే చూపు చివరికి ముఖమే లేని చోటికి చేరుతుంది. పురుషుడు ఇంట్లోకి వచ్చేసరికి కుర్చీలో ఆమె నిర్జీవంగా ఉంటుంది.

లారా మల్వీ 1975లో ప్రచురించిన ప్రసిద్ధ వ్యాసంలో ప్రధానస్రవంతి సినిమాలో చూసేవాడు పురుషుడనీ, చూడబడేది స్త్రీ అనీ ప్రతిపాదించింది. అంతకు 32 ఏళ్ళ ముందే డెరెన్ చిత్రంలో చూసే స్త్రీ, చూడబడే స్త్రీ ఒకరే. కిటికీలోంచి బయటికి చూసే ఆమెకు తానే వీధిలో పరుగెత్తుతూ కనిపిస్తుంది. అయితే ఈ స్వీయదర్శనం ఆమెకు స్వేచ్ఛను ఇవ్వలేదు, మరణాన్ని ఇచ్చింది. స్త్రీ తనను తాను చూడగలగడమే విముక్తి అని ఈ చిత్రం చెప్పదు. అనేకమైన 'నేను'లలో ఏది నిజమన్న ప్రశ్న ఆ గదిలో పరిష్కారం దొరకకుండానే ముగుస్తుంది.

4. కర్తృత్వ ప్రశ్న: కెమెరా ఎవరి చేతిలో ఉంది?

దర్శకురాలు తెరపై ఉన్నప్పుడు కెమెరా మరొకరి చేతిలో ఉండక తప్పదు. ఈ సాధారణ సత్యమే 'మెషెస్' విషయంలో వివాదానికి మూలమైంది. హామిడ్ అప్పటికే అనుభవజ్ఞుడు. 1930లో ప్రాగ్‌లో అతడు తీసిన 'లక్ష్యంలేని నడక' అన్న చిత్రాంతంలో ఒకే మనిషి ఇద్దరుగా విడిపోతాడు. అందువల్ల ఒకే వ్యక్తిని అనేకంగా చూపే ఆలోచన అతనిదేనని వాదించేందుకు అవకాశముంది.

ఈ వాదాన్ని తోసిపుచ్చనవసరం లేదు. 'మెషెస్' ఇద్దరి కృషి. కానీ తరువాతి రెండు చిత్రాలతో కలిపి చూసినప్పుడు ఒక భేదం స్పష్టమవుతుంది. హామిడ్ చిత్రంలో ద్విరూపం ఒక నడక ముగింపుగా వచ్చే చమత్కారం. డెరెన్‌కు అది ఆరంభం. కెమెరా బాధ్యత ప్రధానంగా హెల్లా హేమన్‌కు మారిన తరువాత కూడా అదే ప్రశ్న కొనసాగుతుంది, మరింత ముందుకు సాగుతుంది. కాబట్టి ఆమె కర్తృత్వాన్ని కెమెరా పట్టుకున్న చేతిలో కాక చిత్రప్రణాళికలోనూ, కూర్పులోనూ, చిత్రంనుండి చిత్రానికి సాగిన అన్వేషణలోనూ వెతకాలి. స్వతంత్ర చిత్రకర్త అంటే ఒంటరిగా పనిచేసేవారన్న అపోహను కూడా ఈ ఉదాహరణ సవరిస్తుంది.

5. 'ఎట్ ల్యాండ్': వెనుదిరిగి చూసే 'నేను'

1944 నాటి 'ఎట్ ల్యాండ్' నిడివి సుమారు 15 నిమిషాలు; పూర్తిగా నిశ్శబ్దచిత్రం. కెరటాలు వెనక్కి మళ్ళి ఒక స్త్రీని ఒడ్డున విడిచిపెడతాయి. ఆమె ఎండుమానును పట్టుకొని పైకి ఎగబాకుతుంది. తల పైకెత్తేసరికి అది విందు జరుగుతున్న పొడవైన బల్ల. ఆ బల్లమీద పాకుతూ వెళ్తున్న ఆమెను అతిథులెవరూ గమనించరు. బల్ల చివర చదరంగం. పావు చేజారి నీటిలోకి పోతుంది. దాని వెంట ఆమె ప్రయాణం సాగుతుంది. దారిలో ఆమెతో మాట్లాడుతూ నడిచే పురుషుడు దృశ్యదృశ్యానికీ మారిపోతుంటాడు.

తొలి చిత్రంలో స్థలం ఒక్కటే, ఆమెలు అనేకం. ఇక్కడ ఆమె ఒక్కతే, స్థలాలూ మనుషులూ అనేకం. తన స్థానం మారకుండానే తన చుట్టూ లోకం మారిపోయే స్థితి ఐదేళ్ళ వయసులో దేశం మారిన వ్యక్తి అనుభవంలా తోచవచ్చు. ఇటువంటి పఠనం ఆకర్షణీయమైనదే. కానీ చిత్రం దాన్ని సమర్థించేందుకు ఒక్క వివరాన్నయినా ఇవ్వదు. దేశం లేదు, భాష లేదు, జ్ఞాపకం లేదు. ఉన్నది దేహం, దాని గమనం మాత్రమే.

చివరి దృశ్యం ఈ వ్యాసానికి కీలకం. చదరంగపు పావును చేజిక్కించుకొని ఆమె సముద్రతీరం వెంట పరుగెత్తుతుంది. బల్లమీద పాకుతున్న ఆమె, మాను ఎక్కుతున్న ఆమె, ఇసుకలో రాళ్ళు ఏరుతున్న ఆమె తలతిప్పి పరుగెత్తే ఆమెను చూస్తారు. 'మెషెస్'లో ఒక ఆమె మరొక ఆమెను చంపడానికి లేచింది. ఇక్కడ గతించిన ఆమెలు వెళ్ళిపోతున్న ఆమెను చూస్తూ నిలిచిపోతారు. ఆమె వారిని దాటి వెళ్ళిపోతుంది. ఇసుకమీద పాదముద్రలు మిగులుతాయి.

6. 'రిచువల్ ఇన్ ట్రాన్స్‌ఫిగర్డ్ టైమ్': మరొకరికి అప్పగించడం

1946 నాటి ఈ చిత్రం ఆరంభంలో డెరెన్ ఒక గదిలో ఉన్ని చుడుతూ కనిపిస్తుంది. మరొక స్త్రీ వచ్చి ఎదురుగా కూర్చొని ఆ పనిలో పాలుపంచుకుంటుంది. ఆమె డన్‌హమ్ బృందంలో పనిచేసిన నల్లజాతి నర్తకి రీటా క్రిస్టియాని. ఉన్ని చుట్టడం ముగిసేసరికి డెరెన్ స్థానం ఖాళీ అవుతుంది. అక్కడినుండి చిత్రాన్ని నడిపేది క్రిస్టియాని. ఆమె నల్లని దుస్తులతో ఒక విందులో ప్రవేశిస్తుంది. అతిథుల పలకరింపులు, చేతులు చాచడాలు, తలలు తిప్పడాలు కూర్పులో పునరావృతమై నృత్యమవుతాయి. నర్తకులు కాని మనుషుల మామూలు కదలికలు నృత్యంగా మారడం ఈ చిత్రం సాధించిన అపూర్వఫలితం. చివర క్రిస్టియాని నర్తకుడినుండి తప్పించుకొని పరుగెత్తుతూ డెరెన్‌గా మారి నీటిలో మునుగుతుంది. ఆ క్షణంలో బింబం నెగెటివ్‌గా మారుతుంది. నల్లని వైధవ్యవస్త్రం తెల్లని పెళ్ళిదుస్తులా కనిపిస్తుంది.

మూడు చిత్రాలను వరుసగా చూస్తే ఒక క్రమం గోచరిస్తుంది. మొదటిదానిలో 'నేను' అనేకమైంది. రెండవదానిలో తన పూర్వరూపాలను విడిచి వెళ్ళింది. మూడవదానిలో మరొక స్త్రీ దేహంలోకి ప్రవేశించింది. 1948 నాటి 'మెడిటేషన్ ఆన్ వయొలెన్స్'లో తెరపై ఉన్నది చావో-లీ చీ అనే యుద్ధవిద్యా సాధకుడు; డెరెన్ లేదు. చివరి చిత్రం 'ది వెరీ ఐ ఆఫ్ నైట్'లో నెగెటివ్ బింబాలుగా నర్తకులు నక్షత్రాలవలె తేలుతారు. అక్కడా ఆమె లేదు.

ఈ క్రమంపై ఒక అభ్యంతరం న్యాయంగా లేవనెత్తవచ్చు. 1946 నాటి అమెరికాలో ఒక శ్వేతజాతి స్త్రీ, ఒక నల్లజాతి స్త్రీ ఒకే అస్తిత్వానికి రెండు రూపాలని చెప్పడం సాహసమే. కానీ ఆ ఇద్దరి సామాజిక స్థితులు ఒకటి కావు. వ్యక్తిని విడిచిపెట్టమనే కళ, వ్యక్తిత్వం గుర్తింపుకే పోరాడవలసివచ్చిన మనిషిని కూడా అదే కోరవచ్చునా? చిత్రం ఈ ప్రశ్నను ఎదుర్కోదు. పైగా చివర నీటిలో మునిగే దేహం డెరెన్‌దే కావడం వల్ల క్రిస్టియాని ఉనికి తాత్కాలికమవుతుంది. డెరెన్ ప్రతిపాదించిన నిర్వైయక్తికతకు ఇది హద్దు.

7. నిర్వైయక్తికత – సాధారణీకరణం:

1946లో ప్రచురించిన 'యాన్ అనగ్రామ్ ఆఫ్ ఐడియాస్ ఆన్ ఆర్ట్, ఫార్మ్ అండ్ ఫిల్మ్' అనే చిన్న పుస్తకంలో డెరెన్ తన దృక్పథాన్ని వివరించింది. ఆమె ఆదర్శంగా భావించిన క్రతురూప కళలో మనిషి నాటకీయ చర్యకు మూలం కాడు. ఒక సమగ్రరూపంలో నిర్వైయక్తికమైన అంశం మాత్రమే. ఇది వ్యక్తిని నాశనం చేయదనీ, అతణ్ణి వ్యక్తిగత పరిధికి మించి విస్తరింపజేస్తుందనీ ఆమె వాదం.

ఈ వాదం భారతీయ అలంకారశాస్త్ర విద్యార్థికి కొత్తగా తోచదు. భట్టనాయకుడు ప్రతిపాదించి, అభినవగుప్తుడు పరిష్కరించిన సాధారణీకరణ భావనలో విభావాదులు దేశకాలవ్యక్తి సంబంధాలను వదులుకుంటాయి. రంగస్థలంపై సీత ఫలానా జనకుని కుమార్తెగా మాత్రమే గోచరిస్తే సామాజికునికి రసానుభవం సిద్ధించదు. అభినవగుప్తుడు నటుణ్ణి ఆస్వాదనకు సాధనంగా భావించి, అందుకే అతణ్ణి 'పాత్ర' అంటారని వివరించాడు. పానీయాన్ని ధరించే గిన్నె దాని రుచిని తాను అనుభవించదు. తెలుగులో 'పాత్ర' అన్న మాట నాటకంలోని మనిషికీ, వంటింటిలోని గిన్నెకూ నేటికీ ఒక్కటే కావడం ఈ వివరణను మరింత సన్నిహితం చేస్తుంది.

డెరెన్ తెరరూపం ఈ అర్థంలో పాత్ర. ప్రేక్షకుడు ఆమె బాధను ఆమె ముఖంలో చదవడు. అడుగుల మధ్య తెగిన స్థలంలో, వెనక్కి మళ్ళిన కెరటంలో తానే అనుభవిస్తాడు. అయితే ఒక భేదాన్ని గుర్తించాలి. రససిద్ధాంతంలో సాధారణీకరణం జరిగే చోటు సహృదయుని చిత్తం. దానికి నాట్యసామగ్రి యావత్తూ తోడ్పడుతుంది. డెరెన్ చిత్రాలలో ఆ పనిలో అధికభాగం యంత్రానిది. మందగతి, వ్యతిరేకగతి, నెగెటివ్ బింబం, దృశ్యాల కూర్పు ముందుగానే దేహాన్ని దాని యజమానినుండి వేరుచేస్తాయి. రెండు సిద్ధాంతాలు ఒకటేనని చెప్పడం ఇక్కడ ఉద్దేశం కాదు. ఆత్మకథాత్మక పఠనం చూపలేని ఒక కోణాన్ని ఈ పోలిక చూపగలదన్నదే ప్రతిపాదన.

8. హైతీ: కళాకారిణి ఓటమి

1946లో గుగ్గెన్‌హైమ్ ఫెలోషిప్ పొందిన డెరెన్ 1947లో నృత్యచిత్రం తీసేందుకు హైతీ వెళ్ళింది. అక్కడి వోడూ క్రతువులలో దైవం మనిషిని ఆవహిస్తుంది. ఆవహింపబడిన మనిషిని దైవం స్వారీచేసే గుర్రంగా భావిస్తారు. తెలుగువారికి పరిచితమైన పూనకం అన్న మాట ఈ స్థితికి చాలా దగ్గరగా ఉంటుంది. అంతవరకు కూర్పుబల్లమీద సాధించిన 'నేను' విసర్జనను ఒక సమాజం తన నిత్యజీవితంలో ఆచరిస్తూ కనిపించింది. 1953లో వెలువడిన 'డివైన్ హార్స్‌మెన్' గ్రంథంలో ఆమె తనకు కలిగిన ఆవేశానుభవాన్ని కూడా వర్ణించింది.

ఆ దృశ్యాలను తన కళారూపంలోకి మలచలేక, అక్కడి వాస్తవానికి తలవంచవలసివచ్చిందని ఆమె అంగీకరించింది. ఎన్నో గంటల హైతీ చిత్రీకరణ ఆమె జీవితకాలంలో సినిమా కాలేదు; మరణానంతరం ఇతరులు కూర్చారు. ఇతరుల క్రతువును తన కూర్పుకు ముడిసరుకుగా వాడుకోకుండా ఆగిపోవడం ఆమె జీవితంలోని గౌరవనీయమైన నిర్ణయాలలో ఒకటి. క్రిస్టియాని విషయంలో గుర్తించని హద్దును ఆమె హైతీలో గుర్తించింది.

9. ముగింపు:

'మెషెస్' చిత్రంలో కిటికీ అద్దంపై చేతులానించి చూస్తున్న డెరెన్ ఛాయాచిత్రం నేడు ప్రయోగాత్మక సినిమాకు చిహ్నంగా మారింది. ఆ చిత్రానికి 1947లో కాన్ చలనచిత్రోత్సవ బహుమతి వచ్చింది. 1990లో అమెరికా జాతీయ చలనచిత్ర పట్టికలో చోటు దక్కింది. 'నేను'ను విడిచిపెట్టేందుకు మూడు చిత్రాలలో శ్రమించిన వ్యక్తికి కీర్తి మళ్ళీ ముఖాన్నే తగిలించింది. ఈ వైరుధ్యానికి ఆమె చిత్రాలకన్నా వాటిని చదివిన పద్ధతే ఎక్కువ బాధ్యత వహించాలి.

ఈ చర్చ తెలుగు విమర్శకు దూరమైనది కాదు. 1980ల అనంతర స్త్రీవాద కవిత్వంలోని 'నేను'ను కవయిత్రుల సొంత జీవితాలకు ముడిపెట్టి చదివిన ధోరణి తెలుగులోనూ ఉంది. పురుషుడి 'నేను' లోకానుభవంగా, స్త్రీ 'నేను' సొంతగొడవగా స్వీకరించబడిన సందర్భాలు తక్కువేమీ కావు. రచయిత్రి తన దేహాన్నీ స్వరాన్నీ కృతిలో నిలిపినప్పుడు ఆమె ఎవరన్న ప్రశ్నతోపాటు, ఆమె ఏ అనుభవానికి పాత్రగా నిలిచిందన్న ప్రశ్న కూడా వేయాలి. సుమారు ముప్పావుగంట నిడివిగల మూడు చిత్రాలతో డెరెన్ విమర్శకులకు అప్పగించిన పని ఇదే.